ఓఎల్ఈడీ టెలివిజన్

ఓఎల్ఈడీ టెలివిజన్ అనగా కర్బన సమ్మేళనాలతో చేసిన కాంతి ఉద్గార డయోడులే తెరగా గల టెలివిజన్. ఈ తెరలో ప్రతి చుక్క, అనగా ప్రతి పిక్సెల్, తన వెలుగును తానే పుట్టించుకుంటుంది. వెలుగు అవసరం లేని చోట పూర్తిగా ఆరిపోతుంది. ఎల్‌సీడీ టీవీలలో వలె తెర వెనుక దీపం ఉండదు. సినిమాలు చూడటానికి, వీడియో ఆటలు ఆడటానికి ఖరీదైన టీవీ కొనదలచినవారు సాధారణంగా మొదట పరిశీలించే రకాలలో ఇది ఒకటి. నిండైన నలుపు, వేగంగా కదిలే బొమ్మలలో స్పష్టత, పక్కనుండి చూసినా మారని రంగులు దీని ప్రధాన గుణాలు. తెర అంతా ఒకేసారి వెలగవలసినప్పుడు కాంతి తగ్గటం, కదలని బొమ్మలు తెరపై శాశ్వతంగా ముద్ర పడే అవకాశం దీని ప్రధాన లోపాలు. ఈ గుణాలకూ, లోపాలకూ మూలం ఒక్కటే: పిక్సెల్ స్వయంగా వెలగటం. కాబట్టి ఇది ఎవరికి తగినది అనే ప్రశ్నకు సమాధానం టీవీని ఉంచే గదిపైన, దానిలో రోజూ చూసే కార్యక్రమాలపైన ఆధారపడి ఉంటుంది.

పేరు

ఓఎల్ఈడీ అనేది "ఆర్గానిక్ లైట్ ఎమిటింగ్ డయోడ్" అనే ఆంగ్ల పదబంధానికి పొట్టి రూపం. ఇక్కడ ఆర్గానిక్ అనే మాటకు రసాయన శాస్త్రంలోని అర్థాన్నే, అనగా కర్బన సమ్మేళనాలకు సంబంధించినది అనే అర్థాన్నే తీసుకోవాలి. సేంద్రియ వ్యవసాయంలోని అర్థంతో దీనికి సంబంధం లేదు.

దుకాణాలలో వినిపించే మరికొన్ని పేర్లు దీనిని పోలి ఉండటం వలన కొనుగోలుదారులు తికమకపడుతుంటారు. "ఎల్ఈడీ టీవీ" పేరుతో అమ్మేది నిజానికి ఎల్‌సీడీ టీవీయే. పాత ఎల్‌సీడీ టీవీలలో తెర వెనుక ఫ్లోరసెంట్ గొట్టాలు ఉండేవి, వీటిలో ఎల్ఈడీ దీపాలు ఉంటాయి. "క్యూఎల్ఈడీ" అనే పేరును శాంసంగ్ సంస్థ 2017లో తన టీవీలకు వాడటం ప్రారంభించినది. ఇవి కూడా వెనుక దీపం గల ఎల్‌సీడీ టీవీలే. రంగులను మెరుగుపరచటానికి క్వాంటమ్ డాట్ల పొర అదనంగా ఉంటుంది. "మినీ ఎల్ఈడీ" టీవీలు కూడా ఎల్‌సీడీలే. "క్యూడీ-ఓఎల్ఈడీ" మాత్రం నిజమైన ఓఎల్ఈడీ.

చరిత్ర

అమెరికాలోని ఈస్ట్‌మన్ కొడాక్ సంస్థలో పనిచేసిన చింగ్ టాంగ్, స్టీవెన్ వాన్ స్లైక్ అనే శాస్త్రవేత్తలు 1987లో రెండు పలుచని కర్బన పొరలతో చేసిన డయోడును వివరిస్తూ ఒక పరిశోధన పత్రం ప్రచురించారు. 10 వోల్టుల కంటె తక్కువ విద్యుత్తుతోనే ఆ డయోడు చక్కగా వెలిగినది. నేటి ఓఎల్ఈడీ తెరలకు ఇదే పునాది. 1990లో ఇంగ్లాండులోని కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయ పరిశోధకులు పాలిమర్లతో కూడా ఇటువంటి డయోడును చేయవచ్చునని చూపారు. 1997లో జపానుకు చెందిన పయొనీర్ సంస్థ కారు స్టీరియోలో చిన్న ఓఎల్ఈడీ తెరను అమర్చి అమ్మినది.

మొదటి ఓఎల్ఈడీ టెలివిజన్‌ను సోనీ సంస్థ 2007 డిసెంబరులో జపానులో విడుదల చేసినది. ఎక్స్ఈఎల్-1 అనే ఈ టీవీ తెర పరిమాణం 11 అంగుళాలు, మందం 3 మిల్లీమీటర్లు, ధర 2,00,000 యెన్లు. పెద్ద తెరలను తక్కువ ఖర్చుతో చేయటం అప్పటికి సాధ్యం కాలేదు. 2009లో కొడాక్ సంస్థ ఓఎల్ఈడీ వ్యాపారాన్ని దక్షిణ కొరియాకు చెందిన ఎల్‌జీ సంస్థలు కొనుగోలు చేశాయి. 2013లో ఎల్‌జీ, శాంసంగ్ సంస్థలు 55 అంగుళాల ఓఎల్ఈడీ టీవీలను మార్కెట్లోకి తెచ్చాయి. ఎల్‌జీ వారి వంపు తెర టీవీ ధర ఆ సంవత్సరం అమెరికాలో దాదాపు 15,000 డాలర్లు. శాంసంగ్ కొద్దికాలానికే ఈ రంగం నుండి తప్పుకుని, 2022లో క్యూడీ-ఓఎల్ఈడీతో తిరిగి ప్రవేశించినది.

ఇదే కాలంలో ప్లాస్మా టీవీలు కనుమరుగయ్యాయి. ప్లాస్మా తెరలో కూడా ప్రతి చుక్క స్వయంగా వెలుగుతుంది కనుక సినిమా ప్రియులు వాటిని ఇష్టపడేవారు. పయొనీర్ సంస్థ తన పేరుపొందిన ప్లాస్మా టీవీల శ్రేణికి "కురో" అని పేరు పెట్టినది. జపాను భాషలో కురో అనగా నలుపు. టీవీల వ్యాపారం నుండి వైదొలగుతున్నట్లు పయొనీర్ 2009లో ప్రకటించినది. పానసోనిక్ 2013 చివరలో ప్లాస్మా తెరల తయారీని ఆపివేసినది. ఆ తరువాత చీకటి గదిలో సినిమా చూసేవారికి ప్లాస్మా స్థానాన్ని ఓఎల్ఈడీ భర్తీ చేసినది.

పనిచేసే విధానం

ఓఎల్ఈడీలో రెండు ఎలక్ట్రోడుల మధ్య అతి పలుచని కర్బన పొరలు ఉంటాయి. విద్యుత్తు ప్రవహించినప్పుడు ఒకవైపు నుండి ఎలక్ట్రానులు, మరొకవైపు నుండి ధనావేశపు ఖాళీలు లోనికి వచ్చి మధ్యనున్న పొరలో కలుస్తాయి. ఆ కలయికలో విడుదలైన శక్తి కాంతిగా బయటికి వస్తుంది. ఏ రంగు కాంతి వస్తుందనేది ఆ పొరలోని అణువుల నిర్మాణంపై ఆధారపడి ఉంటుంది. విద్యుత్తు పెంచితే వెలుగు పెరుగుతుంది, ఆపితే వెలుగు ఆగిపోతుంది.

4కె తెరపై అడ్డంగా 3,840, నిలువుగా 2,160 పిక్సెళ్ళు ఉంటాయి. మొత్తం దాదాపు 83 లక్షలు. ప్రతి పిక్సెల్‌లో మళ్ళీ మూడు లేక నాలుగు ఉప పిక్సెళ్ళు ఉంటాయి. వీటిలో ప్రతిదానిని తెర అడుగున ఉన్న ట్రాన్సిస్టర్లు విడివిడిగా నియంత్రిస్తాయి.

ఎల్‌సీడీ పద్ధతి దీనికి పూర్తిగా భిన్నమైనది. అందులో వెనుకనున్న దీపం వెలుగుతూనే ఉంటుంది. ద్రవ స్ఫటికాలు కిటికీ రెక్కల వలె తెరచుకుని, మూసుకుని ఆ వెలుగును పంపుతాయి లేక ఆపుతాయి. ఆ రెక్కలు ఎంత గట్టిగా మూసుకున్నా కొంత వెలుగు కారుతూనే ఉంటుంది. అందువలన చీకటి గదిలో ఎల్‌సీడీ తెరపై నలుపు ముదురు బూడిద రంగులో కనిపిస్తుంది.

రకాలు

పెద్ద టీవీలలో ప్రధానంగా రెండు రకాల ఓఎల్ఈడీ తెరలు కలవు.

తెల్ల ఓఎల్ఈడీ: దీనిని ఎల్‌జీ డిస్‌ప్లే సంస్థ తయారు చేస్తుంది. పిక్సెళ్ళన్నీ తెల్లని కాంతినే ఇస్తాయి. ఆ కాంతి ఎరుపు, ఆకుపచ్చ, నీలం వడపోత పొరల గుండా వచ్చి ఆయా రంగులుగా మారుతుంది. వెలుగు పెంచటానికి వడపోత లేని నాలుగవ ఉప పిక్సెల్ కూడా ఉంటుంది. బాగా ప్రకాశవంతమైన దృశ్యాలలో ఈ తెలుపు కలవటం వలన రంగుల చిక్కదనం కొంత తగ్గుతుంది. 2023లో సూక్ష్మ కటకాల పొరను, 2025లో మూడు మూల రంగులకు వేర్వేరు పొరలు గల నాలుగంచెల నిర్మాణాన్ని చేర్చి ఖరీదైన నమూనాలలో వెలుగును పెంచారు.

క్యూడీ-ఓఎల్ఈడీ: దీనిని శాంసంగ్ డిస్‌ప్లే సంస్థ తయారు చేస్తుంది. 2022 నుండి ఈ తెర గల టీవీలు లభిస్తున్నాయి. ఇందులో మూల కాంతి నీలం. క్వాంటమ్ డాట్లు అనే అతి సూక్ష్మ స్ఫటికాలు ఆ నీలి కాంతిని గ్రహించి ఎరుపు, ఆకుపచ్చ కాంతిని ఇస్తాయి. క్వాంటమ్ డాట్ల ఆవిష్కరణకు, సంశ్లేషణకు మౌంగి బావెండి, లూయిస్ బ్రూస్, అలెక్సీ ఎకిమోవ్ అనే ముగ్గురికి 2023లో రసాయన శాస్త్ర నోబెల్ బహుమతి లభించినది. ఈ తెరలో రంగులు ప్రకాశవంతమైన దృశ్యాలలో కూడా చిక్కగా ఉంటాయి. అయితే గదిలో దీపాలు, పగటి వెలుతురు ఉన్నప్పుడు దీని నలుపు కొద్దిగా ఊదా ఛాయ గల బూడిద రంగుకు తిరుగుతుంది.

సోనీ, పానసోనిక్, ఫిలిప్స్ వంటి సంస్థల టీవీలలో ఉండేవి కూడా ఈ రెండు సంస్థల తెరలే. కాబట్టి వేర్వేరు సంస్థల టీవీల మధ్య తేడా ఎక్కువగా బొమ్మను శుద్ధి చేసే ప్రాసెసర్లలోను, వేడిని తొలగించే ఏర్పాట్లలోను, ఆటలకు ఇచ్చే సౌకర్యాలలోను ఉంటుంది. కొన్నిసార్లు ఒకే శ్రేణిలో వేర్వేరు పరిమాణాలకు వేర్వేరు తెరలు వాడుతుంటారు.

సినిమాలు చూడటానికి

నలుపు

బొమ్మలో అతి ప్రకాశవంతమైన భాగానికీ, అతి చీకటి భాగానికీ ఉన్న నిష్పత్తిని కాంట్రాస్ట్ అంటారు. సాధారణ ఎల్‌సీడీ తెరలలో ఐపీఎస్ రకానికి ఇది సుమారు 1,000:1, వీఏ రకానికి కొన్ని వేల వరకు ఉంటుంది. ఓఎల్ఈడీలో నల్లని పిక్సెల్ పూర్తిగా ఆరిపోతుంది కనుక హారం సున్నాకు చేరుతుంది. అందుకే దీని కాంట్రాస్ట్‌ను అనంతం అని వ్యవహరిస్తారు. రాత్రి ఆకాశంలో నక్షత్రాలు, చీకటి గదిలో ఒక్క దీపం వంటి దృశ్యాలలో ఈ తేడా వెంటనే తెలుస్తుంది.

సినిమాస్కోప్ చిత్రాలలో ఇది మరింత స్పష్టం. తెలుగులో మొదటి సినిమాస్కోప్ చిత్రం 1974లో వచ్చిన అల్లూరి సీతారామరాజు. ఈ పద్ధతిలో బొమ్మ వెడల్పు ఎత్తుకు దాదాపు 2.35 రెట్లు. టీవీ తెరలో ఈ నిష్పత్తి 16:9 మాత్రమే. కాబట్టి సినిమాస్కోప్ చిత్రాన్ని కత్తిరించకుండా చూపినప్పుడు తెరలో దాదాపు నాలుగవ వంతు పైన, కింద నల్లని పట్టీలుగా మిగిలిపోతుంది. ఎల్‌సీడీలో ఆ పట్టీలు బూడిద రంగులో మెరుస్తుంటాయి. ఓఎల్ఈడీలో అవి గది చీకటిలో కలిసిపోతాయి.

హెచ్‌డీఆర్

తెర వెలుగును నిట్లలో కొలుస్తారు. పాత పద్ధతిలో సినిమాలను టీవీ కొరకు సిద్ధం చేసేటప్పుడు గరిష్ఠ వెలుగును 100 నిట్లుగా భావించేవారు. హెచ్‌డీఆర్ పద్ధతిలో 10,000 నిట్ల వరకు సంకేతంలో పొందుపరచవచ్చును. ఆచరణలో చాలా చిత్రాలను 1,000 లేక 4,000 నిట్లు గరిష్ఠంగా తీసుకుని సిద్ధం చేస్తారు. హెచ్‌డీఆర్10 అనే మూల రూపంలో సినిమా మొత్తానికి వెలుగు వివరాలు ఒకేసారి ఇస్తారు. డాల్బీ విజన్, హెచ్‌డీఆర్10 ప్లస్ రూపాలలో ఈ వివరాలు దృశ్యం దృశ్యానికీ మారుతాయి. టీవీ తాను చూపగలిగిన వెలుగుకు తగినట్లు బొమ్మను సర్దుకోవటానికి ఇవి తోడ్పడతాయి. 2025 వరకు వచ్చిన శాంసంగ్ టీవీలలో డాల్బీ విజన్ లేదు, హెచ్‌డీఆర్10 ప్లస్ ఉన్నది.

ఎంత మంచి తెరైనా మూలంలో లేని వివరాలను చూపలేదు. 4కె ప్రసారానికి సెకనుకు 15 మెగాబిట్ల వేగం గల ఇంటర్నెట్ కావాలని నెట్‌ఫ్లిక్స్ సూచిస్తుంది. అల్ట్రా హెచ్‌డీ బ్లూ-రే డిస్కు నుండి సెకనుకు 100 మెగాబిట్లకు మించి వివరాలు రాగలవు. చీకటి దృశ్యాలలో ఈ తేడా మెట్లు మెట్లుగా, మచ్చలు మచ్చలుగా కనిపిస్తుంది. మంచి తెర ఆ లోపాన్ని దాచదు, పైగా బయటపెడుతుంది.

2019 ఏప్రిల్ 28న ప్రసారమైన గేమ్ ఆఫ్ థ్రోన్స్ ధారావాహికలోని "ది లాంగ్ నైట్" అనే భాగం ఇందుకు పేరుపడిన ఉదాహరణ. రాత్రిపూట జరిగే యుద్ధమే ఆ భాగమంతా. తెరపై ఏమీ కనిపించలేదని ఎందరో ప్రేక్షకులు ఫిర్యాదు చేశారు. చాలామంది తమ టీవీలను సరిగా అమర్చుకోలేదని ఛాయాగ్రాహకుడు ఫాబియన్ వాగ్నర్ బదులిచ్చాడు. ప్రసారంలో బొమ్మను కుదించటం, గదిలోని వెలుతురు, టీవీ అమరిక మూడూ చీకటి దృశ్యాలను ప్రభావితం చేస్తాయి. ఓఎల్ఈడీ టీవీ కొన్నంత మాత్రాన మిగిలిన రెండూ సరికావు.

24 ఫ్రేములు

సినిమాలను సాధారణంగా సెకనుకు 24 ఫ్రేముల వేగంతో తీస్తారు. 60 హెర్ట్జ్ తెరపై 24ను సమంగా పంచటం కుదరదు. ఒక ఫ్రేమును రెండుసార్లు, తరువాతి దానిని మూడుసార్లు చూపవలసి వస్తుంది. దానివలన కెమెరా పక్కకు తిరిగేటప్పుడు బొమ్మ తడబడుతుంది. 120 హెర్ట్జ్ తెరలో ప్రతి ఫ్రేమునూ సరిగ్గా ఐదుసార్లు చూపవచ్చును కనుక ఈ తడబాటు ఉండదు.

అయినా ఓఎల్ఈడీలో ఒక ఇబ్బంది మిగులుతుంది. పిక్సెల్ ఒక రంగు నుండి మరొక రంగుకు తక్షణం మారుతుంది. ఒక ఫ్రేము సుమారు 42 మిల్లీసెకన్లు కదలక నిలిచి, వెంటనే తరువాతిది వస్తుంది. నెమ్మదిగా సాగే ప్రకాశవంతమైన దృశ్యాలలో ఇది కుదుపుగా తోస్తుంది. ఎల్‌సీడీలో పిక్సెళ్ళు నెమ్మదిగా మారటం వలన ఆ కుదుపు కొంత అలుక్కుపోతుంది.

దీనిని తగ్గించటానికి టీవీలు రెండు ఫ్రేముల మధ్య లేని ఫ్రేములను ఊహించి చేరుస్తాయి. ఈ సౌకర్యాన్ని ఎక్కువగా ఉంచితే సినిమా కాస్తా టీవీ సీరియల్ వలె కనిపిస్తుంది. దీనిని ఆపివేయమని కోరుతూ 2018 డిసెంబరులో నటుడు టామ్ క్రూజ్, దర్శకుడు క్రిస్టఫర్ మెక్‌క్వారీ ఒక వీడియో విడుదల చేశారు. 2019లో అల్ట్రా హెచ్‌డీ అలయన్స్ అనే సంఘం "ఫిల్మ్‌మేకర్ మోడ్" అనే అమరికను ప్రకటించినది. ఈ అమరిక గల టీవీలలో అదనపు ఫ్రేములు, అతి పదును వంటి హంగులన్నీ ఒక్కసారిగా ఆగిపోతాయి.

వీడియో ఆటలకు

వీడియో ఆటలు ఆడేవారికి ఓఎల్ఈడీలో ముఖ్యమైన లాభం వేగం. ఎల్‌సీడీ పిక్సెల్ రంగు మారటానికి కొన్ని మిల్లీసెకన్లు పడుతుంది. ఓఎల్ఈడీలో ఒక మిల్లీసెకనులో చిన్న భాగం చాలును. కదిలే వస్తువు వెనుక తోక వంటి మసక ఏర్పడదు. అయితే 60 హెర్ట్జ్ వద్ద ఒక్కొక్క ఫ్రేము 16.7 మిల్లీసెకన్లు తెరపై నిలిచి ఉంటుంది కనుక కన్ను కదలికను అనుసరించేటప్పుడు కొంత మసక తప్పదు. 120 హెర్ట్జ్ వద్ద ఇది 8.3 మిల్లీసెకన్లకు, అనగా సగానికి తగ్గుతుంది.

ప్లేస్టేషన్ 5, ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎక్స్ యంత్రాలు 2020 నవంబరులో విడుదలైనాయి. భారతదేశంలో ప్లేస్టేషన్ 5 అమ్మకాలు 2021 ఫిబ్రవరి 2న మొదలైనవి. ఈ యంత్రాలు 4కె బొమ్మను సెకనుకు 120 ఫ్రేముల వరకు పంపగలవు. 10 బిట్ల రంగులతో కుదింపు లేకుండా లెక్కిస్తే ఇది సెకనుకు దాదాపు 30 గిగాబిట్లు. హెచ్‌డీఎంఐ 2.0 తీగలో గరిష్ఠం 18 గిగాబిట్లు. 2017లో ప్రచురించిన హెచ్‌డీఎంఐ 2.1 ప్రమాణంలో ఇది 48 గిగాబిట్లు. కనుక ఆటల కొరకు కొనేవారికి హెచ్‌డీఎంఐ 2.1 తప్పనిసరి. వీరు పరిశీలించవలసిన ఇతర అంశాలు:

మారే రిఫ్రెష్ రేటు: ఆటలో ఫ్రేముల వేగం దృశ్యాన్ని బట్టి మారుతూ ఉంటుంది. టీవీ తన వేగాన్ని దానికి అనుగుణంగా మార్చుకోకపోతే బొమ్మ మధ్యలో చిరిగినట్లు కనిపిస్తుంది. వీఆర్‌ఆర్ అనే సౌకర్యం దీనిని నివారిస్తుంది. ప్లేస్టేషన్ 5కు ఈ సౌకర్యం 2022 ఏప్రిల్‌లో వచ్చినది. వీఆర్‌ఆర్ పనిచేస్తున్నప్పుడు కొన్ని ఓఎల్ఈడీ తెరలపై చీకటి దృశ్యాలు స్వల్పంగా మినుకుమినుకుమంటాయి.

ఆలస్యం: మీట నొక్కినప్పటి నుండి దాని ఫలితం తెరపై కనిపించేవరకు పట్టే కాలంలో టీవీ చేర్చే భాగమిది. సినిమా అమరికలలో బొమ్మను శుద్ధి చేయటానికి టీవీ ఎక్కువ సమయం తీసుకుంటుంది. గేమ్ మోడ్‌లో ఆ పనులు మానివేస్తుంది కనుక మంచి టీవీలలో ఆలస్యం 60 హెర్ట్జ్ వద్ద సుమారు 10 మిల్లీసెకన్లకు తగ్గుతుంది. ఏఎల్ఎల్ఎమ్ అనే సౌకర్యం ఉంటే ఆట మొదలుకాగానే టీవీ తనంతట తానే గేమ్ మోడ్‌లోకి మారుతుంది.

పోర్టుల సంఖ్య: కొన్ని టీవీలలో నాలుగు హెచ్‌డీఎంఐ పోర్టులు ఉన్నా, పూర్తి వేగం రెండింటికే ఉంటుంది. వాటిలో ఒకటి సౌండ్‌బార్‌కు వాడే ఈఆర్క్ పోర్టు కూడా కావచ్చును. అప్పుడు సౌండ్‌బార్ తగిలించిన తరువాత ఆట యంత్రానికి ఒక్క పోర్టే మిగులుతుంది. ఈ వివరం పెట్టెపైన అరుదుగా కనిపిస్తుంది. సంస్థ ఇచ్చే సాంకేతిక వివరాల పట్టికలో చూడాలి.

పరిమితులు

వెలుగు

ప్రతి పిక్సెల్ తన వెలుగుకు తానే విద్యుత్తు తీసుకుంటుంది. తెర అంతా ఒకేసారి తెల్లగా వెలగవలసివస్తే విద్యుత్తు, వేడి పెరిగిపోతాయి. అందుకని టీవీ వెలుగును తనంతట తానే తగ్గించుకుంటుంది. 2025 నాటి ఖరీదైన నమూనాలు చిన్న భాగంలో 2,000 నిట్లకు పైగా వెలగగలవు. తెర అంతా తెల్లగా ఉన్నప్పుడు ఇది కొన్ని వందల నిట్లకు పడిపోతుంది. చీకటి గదిలో సినిమా చూసేవారికి ఇది లోపంగా తోచదు. పెద్ద కిటికీలు గల హాలులో పట్టపగలు క్రికెట్ చూసేవారికి వెంటనే తెలుస్తుంది.

శాశ్వత ముద్ర

కర్బన పదార్థాలు వెలిగినకొద్దీ అరిగిపోతాయి. అన్నింటిలోను నీలం పదార్థం త్వరగా అరుగుతుంది. తెర అంతా సమంగా అరిగితే ఎవరికీ తెలియదు. ఒకే చోట ఒకే బొమ్మ రోజుల తరబడి నిలిచి ఉంటే ఆ చోటి పిక్సెళ్ళు మిగిలిన వాటికంటె ఎక్కువ అరిగి, ఆ బొమ్మ నీడ ఎప్పటికీ మిగిలిపోతుంది. దీనినే బర్న్-ఇన్ అంటారు.

టీవీలను పరీక్షించే ఆర్‌టింగ్స్ సంస్థ 2018లో ఒకే నమూనాకు చెందిన ఆరు ఓఎల్ఈడీ టీవీలను రోజుకు 20 గంటలు నడిపించి పరీక్షించినది. సీఎన్ఎన్ వార్తా ఛానెల్ చూపిన టీవీలలో ముద్రలు స్పష్టంగా ఏర్పడ్డాయి. కాల్ ఆఫ్ డ్యూటీ ఆటను చూపిన టీవీలో ఏడాది తరువాత కూడా అటువంటి ముద్ర కనిపించలేదు. దీనిని బట్టి ఆటలు ఆడటమే ప్రమాదమని చెప్పలేము. ప్రకాశవంతమైన కదలని బొమ్మ ఎన్ని గంటలు నిలిచి ఉన్నదనేదే ముఖ్యం. తెలుగు వార్తా ఛానెళ్ళలో ఛానెల్ గుర్తు, తెర అడుగున ఎర్రని, తెల్లని పట్టీలు రోజంతా ఒకే చోట ఉంటాయి. ఉదయం నుండి రాత్రి వరకు వార్తలు నడిచే ఇంట్లో ఓఎల్ఈడీ టీవీకి ఈ ప్రమాదం ఎక్కువ. తరువాత వచ్చిన నమూనాలలో దీనిని తట్టుకునే శక్తి పెరిగినది గాని ప్రమాదం పూర్తిగా తొలగలేదు.

దీనిని తగ్గించటానికి టీవీలోనే కొన్ని ఏర్పాట్లు ఉంటాయి. బొమ్మను అప్పుడప్పుడు ఒకటి రెండు పిక్సెళ్ళు పక్కకు జరపటం, కదలని గుర్తుల వెలుగును తగ్గించటం వీటిలో కొన్ని. అన్నింటికంటె ముఖ్యమైనది పిక్సెళ్ళ సవరణ. ఎల్‌జీ టీవీలలో మొత్తం 4 గంటల వాడకం పూర్తయిన తరువాత టీవీని రిమోట్‌తో ఆపినప్పుడు, అది స్టాండ్‌బైలో ఉండి పిక్సెళ్ళను కొలిచి సరిచేసుకుంటుంది. ఆ సమయంలో టీవీకి విద్యుత్తు అందుతూ ఉండాలి. మన ఇళ్ళలో టీవీ ఆపగానే గోడ స్విచ్‌ను కూడా ఆపివేసే అలవాటు ఉన్నది. ఆ అలవాటు వలన సవరణ జరగదు. కాబట్టి ఓఎల్ఈడీ టీవీని రిమోట్‌తోనే ఆపి, గోడ స్విచ్‌ను అలాగే ఉంచటం మంచిది. పిడుగులు పడే సమయంలో ప్లగ్గు తీయవలసివస్తే తరువాత తిరిగి పెట్టి ఉంచితే చాలును.

ఎల్‌సీడీతో పోలిక

ఖరీదైన ఎల్‌సీడీ టీవీలలో వెనుక దీపాన్ని వందల నుండి వేల భాగాలుగా విభజించి, బొమ్మను బట్టి ఒక్కొక్క భాగాన్ని విడిగా తగ్గిస్తారు. చాలా చిన్న ఎల్ఈడీలు వాడితే దానిని మినీ ఎల్ఈడీ అంటారు. 2019లో చైనాకు చెందిన టీసీఎల్ సంస్థ ఇటువంటి టీవీని మార్కెట్లోకి తెచ్చినది. ఈ టీవీలు తెర అంతటినీ ఓఎల్ఈడీ కంటె ఎక్కువ వెలుగుతో నింపగలవు. శాశ్వత ముద్ర భయం దాదాపు లేదు. 85 అంగుళాలు, అంతకు మించిన పరిమాణాలలో ధర కూడా తక్కువ.

అయితే 83 లక్షల పిక్సెళ్ళకు కొన్ని వేల దీపపు భాగాలే ఉండటం వలన నల్లని నేపథ్యంలో తెల్లని అక్షరాలు, ఉపశీర్షికలు వచ్చినప్పుడు వాటి చుట్టూ మసక వెలుగు వలయం కనిపిస్తుంది. పక్కనుండి చూస్తే ఇది పెరుగుతుంది, రంగులు కూడా వెలిసినట్లు ఉంటాయి. ఓఎల్ఈడీలో ఈ రెండు లోపాలూ లేవు.

ఎంపికలో గమనించవలసినవి

గది: సాయంత్రం తరువాత దీపాలు తగ్గించి సినిమాలు చూసేవారికి ఓఎల్ఈడీ తగినది. పగటి వెలుతురు నేరుగా పడే హాలులో, ఎక్కువగా పగలే చూసే కుటుంబానికి మినీ ఎల్ఈడీ మేలు. దుకాణంలో ప్రకాశవంతమైన దీపాల కింద టీవీలను పోల్చి చూస్తే ఓఎల్ఈడీ లాభం తెలియదు. అక్కడ ఎక్కువ వెలుగు గల టీవీయే మెరుగ్గా కనిపిస్తుంది.

వాడకం: రోజంతా వార్తలు నడిచే ఇంటికి, కంప్యూటర్ తెరగా గంటల తరబడి వాడేవారికి ఓఎల్ఈడీ అంత అనుకూలం కాదు. సినిమాలు, ధారావాహికలు, రకరకాల ఆటలు మార్చి మార్చి చూసేవారికి ముద్ర పడే ప్రమాదం తక్కువ.

పరిమాణం, దూరం: సినిమా హాలు అనుభూతి కొరకు తెర వెడల్పు కంటికి 30 నుండి 40 డిగ్రీల కోణంలో ఉండాలని చెబుతారు. ఈ లెక్కన 55 అంగుళాల టీవీని 1.7 నుండి 2.3 మీటర్లు, 65 అంగుళాల టీవీని 2 నుండి 2.7 మీటర్లు, 77 అంగుళాల టీవీని 2.3 నుండి 3.2 మీటర్ల దూరం నుండి చూడాలి. సాధారణ చూపు గలవారు 65 అంగుళాల తెరకు సుమారు 2.6 మీటర్లు, అనగా ఎనిమిదిన్నర అడుగుల కంటె దూరంగా కూర్చుంటే 4కెకీ ఫుల్ హెచ్‌డీకీ మధ్య వివరాల తేడాను గుర్తించటం కష్టం. అందువలన 8కె టీవీకి అదనంగా ఖర్చు చేసేకంటె తగిన పరిమాణం ఎంచుకోవటం ప్రయోజనకరం.

ధ్వని: తెర పలుచన కావటంతో లోపలి స్పీకర్లకు చోటు తక్కువ. సినిమాల కొరకు కొనేవారు సౌండ్‌బార్ లేక స్పీకర్ల ఖర్చును కూడా ముందే లెక్కలో వేసుకోవాలి.

ధర, వారంటీ: భారతదేశంలో 32 అంగుళాలకు మించిన టీవీలపై జీఎస్టీ 2025 సెప్టెంబరు 22 నుండి 28 శాతం నుండి 18 శాతానికి తగ్గినది. ఒక సంవత్సరపు నమూనా మరుసటి సంవత్సరం కొత్తది వచ్చే సమయంలో తక్కువ ధరకు లభించటం సాధారణం. శాశ్వత ముద్రకు వారంటీ వర్తిస్తుందా లేదా అనేది సంస్థను బట్టి, నమూనాను బట్టి మారుతుంది. కొనే ముందు వారంటీ పత్రంలో ఈ విషయాన్ని చదివి తెలుసుకోవాలి.

ఇవి కూడా చూడండి

టెలివిజన్
ఎల్‌సీడీ
ప్లాస్మా తెర
కాంతి ఉద్గార డయోడు
క్వాంటమ్ డాట్
సినిమాస్కోప్
వీడియో గేమ్